కోళ్లు పోయిన ఆదివారాలు

ల్యాప్‌టాప్ ముందు పెట్టుకుని పాటలు కలిపే ఈ కాలపు డీజే పిల్లల మీద నాకు కోపమేమీ లేదు. కాస్త ఈర్ష్య ఉంది, అంతే. మా రోజుల్లో రెండు సీడీ డెక్కులు, ఒక మిక్సరు, మనిషంత ఎత్తు బాక్సులు నాలుగు, వాటిని మోయడానికి ఒక డొక్కు ట్రాలీ ఆటో ఉంటే పెద్ద సౌండ్ సర్వీసు కింద లెక్క. మేడ్చల్ బస్టాండు వెనక నా దుకాణం. ఇరవై ఏళ్లకు పైగా పెళ్లిళ్లకు, బరాత్‌లకు, బోనాలకు పాటలు వేశాను. ఎడమ చెవి సగం పోయాక మానేశాను. ఇంత శబ్దం దగ్గర ఎందుకున్నారని డాక్టరు అడిగితే, శబ్దమే నా దగ్గర ఉండేదండీ అన్నాను. ఆయన నవ్వలేదు.

ఇన్నేళ్లలో చాలా తప్పులు చేశాను. ఆంప్లిఫయర్లు కాల్చాను. ఒకసారి బోనాల ఊరేగింపులో జనరేటరుకు డీజిల్ పోయడం మరిచిపోయి, పోతరాజును పావుగంట సేపు పాట లేకుండా ఆడించాను. కొరడా పట్టుకుని నా వైపు ఆయన చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది. అయితే వాటికంటే పెద్ద తప్పు ఇంకొకటి ఉంది. ఒక పెళ్లిలో, మైకు ముందు నిలబడి, చదవకూడని చిట్టీ ఒకటి చదివాను. దాని సంగతే మీకు చెప్పాలని కూర్చున్నాను.

ముందు మేమెవరమో చెప్పాలి. నేను మగవాణ్ణి, మగవాళ్లనే ఇష్టపడతాను. ఈ మాట ఇవాళ సులువుగా రాసేస్తున్నాను కానీ, రెండు వేల సంవత్సరం దాటిన ఆ తొలి ఏళ్లలో అద్దం ముందు నిలబడి కూడా పైకి అనలేదు. నా జంట డీజే ఒక అక్క. మగపిల్లవాడిగా పుట్టి, నేను పనిచేసిన మైక్‌సెట్ దుకాణంలోనే పని నేర్చుకుని, తర్వాత ఇల్లు వదిలి హిజ్రాల ఇంట్లో చేరి, కొన్నేళ్లకు చీర కట్టుకుని మళ్లీ పాటల దగ్గరికే వచ్చింది. రెండు పాటలు వింటే చాలు, ఏ దెబ్బ మీద ఒకదాంట్లో ఒకటి కలుస్తాయో బల్ల మీద వేలితో కొట్టి చూపించేది. నాకు అది ఏనాడూ పూర్తిగా రాలేదు. అంత విద్య ఉండి కూడా పెళ్లిళ్లలో ఆమెను డెక్కు దగ్గర నిలబడనిచ్చేవాళ్లు కాదు. దీవెనకు కావాలి, పాటకు వద్దు. అందుకని పెళ్లిళ్లు నావి, ఆదివారాలు ఆమెవి అని పంచుకున్నాం.

ఆ ఆదివారాలు ఎక్కడంటే, తూంకుంట దాటాక శామీర్‌పేట వైపు ఒక కోళ్ల షెడ్డులో. నవ్వకండి. బ్రాయిలర్ కోళ్లు పెంచేవాళ్లకు తెలుసు, పిల్లల్ని దింపిన ఆరేడు వారాలకు బ్యాచ్ మొత్తం లారీ ఎక్కుతుంది. అప్పుడు ఊక ఎత్తేసి, షెడ్డు కడిగి, సున్నం కొట్టి రెండు వారాలు ఖాళీగా ఉంచుతారు. రోగాలేమైనా ఉంటే చచ్చిపోవాలని. ఆ రెండు వారాల్లో వచ్చే ఆదివారాలు మావి. కోళ్లు పోయాయని తెలియగానే నేను పదిమందికి ఫోన్ చేసి ‘కోళ్లు పోయినయి’ అని పెట్టేసేవాణ్ణి. వాళ్లు ఇంకో పదిమందికి అదే ముక్క చెప్పేవాళ్లు. మధ్యాహ్నం పన్నెండింటికి మొదలు, అయిదున్నరకు బంద్. ఎందుకంటే దాదాపు అందరికీ ఇంట్లో అబద్ధం చెప్పి రావడమే, ఆ అబద్ధాలు చీకటి పడేదాకా నిలబడేంత గట్టివి కావు.

చలికాలంలో కోడిపిల్లలకు గాలి తగలకుండా కట్టే గోనె పరదాలు దించితే షెడ్డు లోపల మసకగా ఉండేది. సినిమాల్లో చూపించే క్లబ్బులాగే ఉందని ఒకడు అన్నాడు. కొంచెం కోళ్ల వాసన ఎక్కువ, అంతే. బయటి రోగాలు లోపలికి రాకుండా గుమ్మం దగ్గర సున్నం పోసిన తొట్టి ఉండేది. కోళ్లున్నా లేకపోయినా అందులో కాళ్లు ముంచే లోపలికి రావాలి. దర్జీలు, ఒక నర్సు, పాల వ్యాను డ్రైవరు, గండిమైసమ్మ నుంచి టిఫిను డబ్బాలతో వచ్చే ఇద్దరు ఆడవాళ్లు, కొంపల్లి నుంచి బైకుల మీద సాఫ్ట్‌వేర్ పిల్లలు, అందరి కాళ్లూ మడమల దాకా తెల్లగా ఉండేవి. ఆడి ఆడి వెళ్లేటప్పుడు జుట్టులో ఈకలు ఏరుకోవడం మరిచిపోతే బస్సులో కండక్టరుకు జవాబు చెప్పుకోవాల్సి వచ్చేది.

ఆ పంపకం కాకముందు, మొదటి రెండు ఆదివారాలూ డెక్కు నేనే పట్టాను, ఘోరంగా జరిగాయి. కొంపల్లి పిల్లలకు ఇంగ్లిషు బీటు కావాలి. ఊళ్లవాళ్లకు తీన్మార్ డప్పు కావాలి. ఒకటి వేస్తే వీళ్లు ఆ గోడకు, రెండోది వేస్తే వాళ్లు ఈ గోడకు. ప్రపంచంలో ఎక్కడా చోటు లేక కోళ్ల షెడ్డుకు వచ్చినవాళ్లు అందులోనూ రెండు ఊళ్లు కట్టుకున్నారు. నేను విసిగిపోయి డెక్కు అక్కకు వదిలేశాను. ఆమె ఇంగ్లిషు బీటును కాస్త నెమ్మది చేసి, దాని కింద నుంచి తీన్మార్‌ను సన్నగా లేపుకుంటూ వచ్చి, ఒక్క దెబ్బ మీద రెంటినీ కలిపేసింది. గోడల దగ్గరున్నవాళ్లు ఎప్పుడు మధ్యలోకి వచ్చారో నాకు తెలియలేదు. పాల వ్యాను డ్రైవరు ఒక సాఫ్ట్‌వేర్ పిల్లవాడికి భుజాలు ఎలా ఎగరెయ్యాలో నేర్పుతున్నాడు. ఆ రోజు నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. సున్నం పడిందన్నాను.

ఇక చిట్టీల సంగతి. పెళ్లిళ్లలో ఫలానా బాబాయి నుంచి ఫలానా పిన్నికి ఈ పాట అని చిట్టీ రాసిస్తారు కదా, మా దగ్గరా ఆ అలవాటే పెట్టుకున్నాం. కాకపోతే పేర్లు ఉండవు. ఊరు, చేసే పని, అంతే. అది మైకులో చదివితే షెడ్డంతా ఈలలు. ఇంకెక్కడా చెప్పలేని మాట అక్కడ పదిమంది ముందు వినపడేది. అయితే అక్క ఒక కట్టడి పెట్టింది. బాక్సులు ఆటో ఎక్కక ముందే చిట్టీలన్నీ కాల్చెయ్యాలి. అప్పటి చట్టం ఎలాంటిదో, పోలీసులు ఎలాంటివాళ్లో నాకంటే ఆమెకే బాగా తెలుసు.

నేను కొన్ని కాల్చలేదు. ఎందుకంటే అలాంటి మాటలు నాకు ఎవరూ రాయలేదు. ఇతరులకు రాసినవైనా సరే, దాచుకుని ఒక్కణ్ణే ఉన్నప్పుడు చదువుకుంటే కడుపు నిండినట్టు ఉండేది. ఇంతకంటే మంచి కారణం నా దగ్గర లేదు.

మాకు ఆ షెడ్డు తాళం ఇచ్చింది తూంకుంటలో వెల్డింగ్ షాపు నడిపే, నేను తమ్ముడని పిలిచే కుర్రాడు. షెడ్డు వాళ్లమ్మది. భర్త పోయాక కోళ్లు పెంచి ఇద్దరు పిల్లల్ని పైకి తెచ్చిన మనిషి. ఖాళీ షెడ్డులో సౌండ్ వాళ్లు బాక్సులు పరీక్ష చేసుకుంటారని ఆమెకు చెప్పి పెట్టాడు. నేను ఆమెను పెద్దమ్మా అని పిలిచేవాణ్ణి. ఈ వెల్డర్ తమ్ముడికి, కొంపల్లిలో ఉండే ఒక బ్యాంకు క్లర్కుకు జత కుదిరింది మా షెడ్డులోనే. క్లర్కుది కోస్తా వైపు. మాటకు ముందు ఒక అండీ, వెనక ఒక అండీ. అందరూ అతన్ని బ్యాంకు సారు అనేవాళ్లు. వెల్డర్ ఒక్క మాట మాట్లాడేలోపు అతను నాలుగు మాట్లాడి, నాలుగింటికీ క్షమాపణ చెప్పేవాడు. వాళ్లిద్దర్నీ చూస్తే ముచ్చటేసేది.

వెల్డర్ చెల్లెలి పెళ్లి కొంపల్లి రోడ్డులో ఒక ఫంక్షన్ హాల్లో. పొద్దున ముహూర్తం, మధ్యాహ్నం భోజనాలు. సౌండు నాదే. పెళ్లి కాబట్టి అక్క లేదు, డెక్కూ నేనే, మైకూ నేనే. ఒక చేత్తో పాట మారుస్తుంటే రెండో చేతిలో పెళ్లివాళ్లు చిట్టీలు పెట్టిపోతున్నారు. అవన్నీ సీడీల సంచి మీద పడేశాను. ఆ సంచి అరలో కిందటి ఆదివారం నేను దాచుకున్న చిట్టీ ఒకటి ఉంది. సీడీతో పాటు అదీ బయటికి వచ్చి కుప్పలో కలిసిందని నేను చూసుకోలేదు.

ముందు ఒకసారి కళ్లతో చదివి, తర్వాత మైకులో చదవాలి. ఈ పని చేసే ప్రతి మనిషికీ తెలిసిన సంగతి. నేను తీశాను, మొదలుపెట్టాను.

“ఈ పాట తూంకుంట వెల్డర్ నుంచి కొంపల్లి బ్యాంకు సారుకు. మనం జత అయ్యి మూడేండ్లయింది. ఇంట్ల ఎప్పుడు చెప్తవని అడిగినవ్ గద. చెల్లె పెండ్లి కాంగనె అమ్మకు చెప్త. అప్పటిదాంక...”

అక్కడ ఆగాను. నా నోరు చదివింది నా చెవికి అప్పుడు చేరింది. హాల్లో బంతి మీద సగం మంది తలెత్తారు. పెళ్లికొడుకు వైపు కాకుండా వెల్డర్ స్నేహితుడిగా వచ్చిన బ్యాంకు సారు ఆ బంతిలోనే పప్పుచారు బకెట్టు పట్టుకుని వడ్డిస్తున్నాడు. గరిటె గాల్లో ఆగిపోయింది. వెల్డర్ గుమ్మం దగ్గర ఎవరికో నమస్కారం పెడుతూ అలాగే ఉండిపోయాడు.

నా నోటికి వచ్చిన అబద్ధం చెప్పాను. “మాఫ్ చేయాలె. గిది వేరే ఫంక్షన్ చిట్టీ, గలతీల కలిసింది.”

జనం నమ్మారు. నవ్వారు. ముందు వరసలో ఒక పెద్దాయన, “ఎవలదైతేంది, చిట్టీ సదివినవ్ గద, పాటెయ్యి,” అన్నాడు. ఏదో ఒకటి వేశాను. రెండు పాటలు ఒకదాని మీద ఒకటి పడ్డాయి. నా వృత్తి జీవితంలో అంత చెత్తగా ఎప్పుడూ కలపలేదు.

పెద్దమ్మ ఒక్కతే నమ్మలేదు. పట్టుచీర కొంగు నడుముకు దోపుకుని నేరుగా నా దగ్గరికి వచ్చింది.

“ఆ చిట్టీ ఇయ్యి బిడ్డ.”

ఇచ్చాను. ఇవ్వకుండా ఉండే ధైర్యం ఎవరికి ఉంది. అయిదో తరగతి చదువు ఆమెది. వేలు పెట్టి ఒక్కో అక్షరం చదువుకుంది. నేను చదవని చివరి రెండు మాటలు కూడా. ‘నన్ను ఇడువకు’ అని ఉంది అక్కడ. కాగితం మడిచి కొంగున ముడేసుకుని, కొడుకును కళ్లతోనే పిలిచి హాలు వెనక్కి నడిచింది. జనరేటరు చూసుకునే వంకతో నేనూ వెనక వెళ్లాను. అతను ఎలాగైనా తప్పించుకోవాలని నా కోరిక.

“గీ మైకాయన వేరే ఫంక్షన్‌దంటున్నడు. నిజమేనా?” అని అడిగింది.

వెల్డర్ నా వైపు చూశాడు. అవునని చెప్పెయ్యమని నేను తలూపాను. ఒక్క మాట చాలు, అంతా సర్దుకుపోతుంది. అతను తల్లి వైపు తిరిగాడు.

“కాదమ్మ. నాదే. నేనే రాసిన.”

“బ్యాంకు సారంటే, గా పప్పుచారు వడ్డిస్తున్న పిలగాడా?”

“అవునమ్మ.”

ఆమె ఏడవలేదు, తిట్టలేదు. “చెల్లెను సాగనంపినంక మాట్లాడుకుందాం. మొకం కడుక్కొని రా,” అని లోపలికి వెళ్లిపోయింది. అప్పగింతల దాకా ఒక్క పనీ తక్కువ కాకుండా చేసింది. తర్వాత మాట్లాడుకోవడం మాత్రం జరగలేదు. మర్నాడు పొద్దున షెడ్డుకు కొత్త తాళం పడింది.

అక్కకు నేనే వెళ్లి చెప్పాను. ఆమె తిడితే బాగుండేదని నాకు అనిపించింది. నా వెంటే దుకాణానికి వచ్చి, ట్రంకు పెట్టె అడుగున ఉన్న చిట్టీలన్నీ తీసి, వీధిలో అగ్గి పెట్టింది.

“కాయితాలను మస్తు జాగ్రత్తగ దాసుకున్నవ్. మనుషులనే దాసలే,” అంది.

ఆ మాట ఇప్పటికీ నాలో ఉంది.

వెల్డర్ తన షాపులోనే గ్రిల్లుల మధ్య మంచం వేసుకుని ఉండిపోయాడు. తల్లి రోజూ మధ్యాహ్నం అన్నం డబ్బా పంపేది కానీ మాట పంపేది కాదు. ఒక బ్యాచ్ కోళ్లు పెరిగి పోయాయి. నాకు ఫోన్లు. కోళ్లు పోయినయా అన్నా, అని నర్సు. కోళ్లు పోయినయా అని దర్జీలు. పోలేదని చెప్పేవాణ్ణి. రోడ్డు మీద వెళ్తుంటే ఖాళీ షెడ్డు, సున్నం గోడలు కనిపించేవి. రెండో బ్యాచ్ దిగాక బ్యాంకు సారు నా దగ్గరికి వచ్చాడు. మనిషి సగమయ్యాడు.

“ట్రాన్స్‌ఫర్‌కి పెట్టేశానండీ. విజయనగరం ఇచ్చినా, ఇంకా దూరం ఇచ్చినా వెళ్లిపోతాను. నేను ఇక్కడున్నంత కాలం ఆయన వాళ్లమ్మగారి ఇంటికి వెళ్లలేడు కదండీ.”

“ఆయనకు చెప్పినవా?” అన్నాను.

“లేదండీ. చెప్తే ఏడుస్తాడు. సారీ అండీ,” అని తనే ఏడ్చాడు. ఒక్క చిట్టీ చదివి ఒక ఇంటిని, ఒక జంటను, పాతిక ముప్పై మందికి ఉన్న ఒకే ఒక్క చోటును పాడుచేశాను. ఆ నెలలో నాకు పాటలంటే విసుగు పుట్టింది. పెళ్లిళ్లకు వెళ్లి, వేయమన్నవి వేసి, వచ్చేసేవాణ్ణి.

రెండో బ్యాచ్ లారీ ఎక్కిన మూడో రోజు మధ్యాహ్నం పెద్దమ్మ నా దుకాణానికి వచ్చింది. బస్సు దిగి నడిచి వచ్చినట్టుంది, చెమటలు. మంచినీళ్లు ఇచ్చాను. తాగి, బాక్సుల వైపు కాసేపు చూసింది.

“మీరు ఆడ ఏం జేస్తరు బిడ్డ?”

“పాటలు పెట్టుకొని ఆడుతరు పెద్దమ్మ.”

“గంతేనా?”

“గంతే. తెచ్చుకున్నది తింటరు. ఐదున్నరకు పోతరు.”

“మావోడు ఆడుతడా?”

“మస్తు ఆడుతడు. ఎగిరి ఎగిరి ఆడుతడు.”

ఆమె ముఖం అటు తిప్పుకుంది. “మా ఇంట్ల ఎన్నడు ఆడలే. చెల్లె పెండ్లిల గూడ ఆడలే. ఆదివారం సున్నం కాళ్లతోని ఇంటికొచ్చి రెండు పళ్లేల బువ్వ తినేటోడు. ఏదో కూనిరాగం తీస్కుంట. షెడ్డుల పని జేసి అలిసిండు అనుకున్న నేను.” కొంగుతో మెడ తుడుచుకుంది. “ఇప్పుడు నేను పంపిన డబ్బా సగం వాపస్ వస్తాంది బిడ్డ.”

బ్యాంకు సారు ట్రాన్స్‌ఫర్‌కు పెట్టిన సంగతి చెప్పి, నా తప్పు కూడా చెప్పుకోబోయాను. చెయ్యి ఎత్తి ఆపింది.

“ఒక్కటి అడుగుత. గంత ఆటకు తలుపులు పెట్టుకునుడు ఎందుకు? దొంగతనమా?”

ఎందుకో నాకు తెలుసు. ఆమెకూ తెలుసు. ఆమె లేచి, బ్లౌజులోంచి తాళం చెవి తీసి నా మిక్సరు మీద పెట్టింది.

“ఆదివారం రాండ్రి. తలుపుకాడ నేను కూసుంట.”

ఆ ఆదివారం షెడ్డు గుమ్మంలో సున్నం తొట్టి పక్కన ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని పెద్దమ్మ కూర్చుంది. వచ్చిన ప్రతి ఒక్కరూ ఆమెను చూసి బెదిరారు. ఆమె మాత్రం కాళ్లు సరిగ్గా ముంచారా లేదా అన్నదొక్కటే చూసింది. అక్క చీర కుచ్చిళ్లు పట్టుకుని తొట్టిలో కాలు పెడుతుంటే, జారుతది పైలం అని చెయ్యి అందించింది. బ్యాంకు సారు వచ్చాడు, తల ఎత్తలేదు.

“ట్రాన్స్‌ఫరుకు పెట్టినవంట?” అంది. వెల్డర్‌కు ఆ సంగతి అప్పుడే తెలిసింది. అతని ముఖం చూడలేకపోయాం.

“అవునండీ. ఇంకా ఆర్డరు రాలేదండీ.”

“కాయితం వాపస్ తీస్కో. నువ్వు పోతే వీడు ఇంటికొస్తడని ఎవరు చెప్పిన్రు నీకు? ఇద్దరు రాండ్రి.”

అతను ఎన్నిసార్లు సారీ అన్నాడో లెక్కపెట్టలేదు. అక్క డెక్కు ఎక్కింది. మొదటి దెబ్బ పడేసరికి రెండు బ్యాచ్‌ల కాలం కాళ్లు కట్టేసుకున్నవాళ్లంతా ఒక్కసారి లేచారు. వెల్డర్ ఆడుతుంటే తల్లి కుర్చీ పక్కకు తిప్పుకుని చూసింది. నవ్విందో లేదో నేను చెప్పలేను, వెలుతురు ఆమె వెనక నుంచి వస్తోంది.

నాలుగింటికి బయట స్కూటరు ఆగింది. పెద్దమ్మ మరిది. ఊళ్లో అందరి ఇళ్ల సంగతీ ఆయనకే కావాలి. ఆ స్కూటరు చప్పుడు వినగానే నా చెయ్యి అలవాటుగా మిక్సరు మీదికి వెళ్లి సౌండు తగ్గించేసింది. లోపల అందరూ ఎక్కడివాళ్లక్కడ ఆగిపోయారు.

“ఏంది వదినె గీ సప్పుడు? లోపల ఎవలు?”

“మా ఇంటోళ్లు.”

ఆయన పరదా పక్కకు జరిపి తొంగి చూశాడు. అక్క, నర్సు, దర్జీలు, గండిమైసమ్మ ఆడవాళ్లిద్దరూ, సాఫ్ట్‌వేర్ పిల్లలు, చెమటతో తడిసిన వెల్డర్, అతని పక్కనే బ్యాంకు సారు.

“గింతమందా?”

“అందరు మా ఇంటోళ్లే,” అంది పెద్దమ్మ కూర్చున్నచోటు నుంచి కదలకుండా. “వస్తే సున్నంల కాళ్లు పెట్టి లోపలికి రా. లేకుంటే పో, ఎండ తల్గుతాంది.”

స్కూటరు వెళ్లిపోయిన చప్పుడు వినబడింది. పెద్దమ్మ కుర్చీలోనే వెనక్కి తిరిగి నన్ను చూసింది.

“ఎందుకు తగ్గించినవ్?” అంది.

పెంచాను.